ఘాజీకి ముందు పేరు డయాబ్లో

ఘాజీ అనగానే మనలో చాలామందికి 2017లో సంకల్ప్ రెడ్డి తీసిన సినిమా గుర్తొస్తుంది. అందులో మన జలాంతర్గామి ఒకటి పాకిస్తాన్ జలాంతర్గామిని వెంటాడి ముంచేస్తుంది. సినిమాగా బాగానే ఉంటుంది గానీ, నిజంగా జరిగిన దాంట్లో మన వైపు జలాంతర్గామే లేదు. ఉన్నది రాజ్‌పుత్ అనే ముసలి డిస్ట్రాయర్. రెండో ప్రపంచయుద్ధ కాలంలో బ్రిటన్ కట్టుకున్న ఓడ, తరవాత మనం కొనుక్కున్నది. సినిమా చెప్పని సంగతి ఇంకొకటి ఉంది, నాకు అదే ఎక్కువ ఆసక్తి: 1971 డిసెంబరు 3 అర్ధరాత్రి విశాఖపట్నం బారలో మునిగిపోయిన ఆ జలాంతర్గామి పాకిస్తాన్‌ది ఎలా అయింది?

దాని అసలు పేరు డయాబ్లో. స్పానిష్‌లో దయ్యం అని అర్థం. 1944 చివర్లో అమెరికాలో నీళ్ళలోకి దించారు. జపాన్ మీదికి మొదటిసారి యుద్ధానికి బయల్దేరేసరికి యుద్ధమే అయిపోయింది. ఇరవయ్యేళ్ళపాటు అమెరికా నౌకాదళంలో ఉండి, 1964 జూన్‌లో అద్దె ఒప్పందం మీద పాకిస్తాన్ చేతికి వచ్చింది. ఉపఖండంలో ఏ నౌకాదళానికైనా అదే మొదటి జలాంతర్గామి. దయ్యం కాస్తా ఘాజీ, అంటే ధర్మయోధుడు, అయింది. పేర్ల సంగతి అలా ఉంచితే, కమ్యూనిస్టుల మీద పోరాటానికని ఒక అగ్రరాజ్యం ఇచ్చిన ఆయుధం, కమ్యూనిజంతో సంబంధం లేని ఒక యుద్ధంలో, ఒక తెలుగు ఊరి ముందు సముద్రంలో తొంభై మందికి పైగా నావికులతో మునిగిపోయింది. ఆ పడవ అక్కడిదాకా వచ్చిన దారి వెనక పదిహేడేళ్ళ సైనిక ఒప్పందాల చరిత్ర ఉంది.

ఈ చరిత్ర గురించి నాకు బాగా ఉపయోగపడినవి రెండు పుస్తకాలు. ఒకటి రాబర్ట్ మెక్‌మాన్ 1994లో రాసిన ‘ది కోల్డ్ వార్ ఆన్ ది పెరిఫెరీ’. రెండోది శ్రీనాథ్ రాఘవన్ 2013లో రాసిన ‘1971’. మొదటిది అమెరికా ప్రభుత్వ కాగితాల్లో నుంచి భారత్, పాకిస్తాన్‌లను చూస్తుంది. రెండోది బంగ్లాదేశ్ పుట్టుకని ప్రపంచం మొత్తం మధ్యలో పెట్టి చూస్తుంది. ఇద్దరి ధోరణులూ వేరు. మెక్‌మాన్‌ది తప్పులెన్నే చూపు, ఒక్కోచోట ఒంటివైపే అనిపిస్తుంది. పాకిస్తాన్ వాళ్ళ బుర్రలో ఏముందో ఆయనకి అమెరికన్ కాగితాలు చెప్పినంతే తెలుసు. రాఘవన్ ఏదీ ముందే రాసిపెట్టి లేదని, ఏ మలుపులోనైనా కథ మరోలా తిరిగి ఉండేదని పదే పదే గుర్తుచేస్తాడు. రెండూ పక్కపక్కన పెట్టుకుని చదివితే ఒక విషయం కొట్టొచ్చినట్టు కనబడింది నాకు. సైనిక ఒప్పందం మీద సంతకాలు రెండుంటాయి, కానీ ఆ ఇద్దరి మనసులో ఉన్న శత్రువులు వేర్వేరు.

1954 మే 19న కరాచీలో అమెరికా, పాకిస్తాన్‌ల మధ్య రక్షణ సహాయ ఒప్పందం కుదిరింది. దానికి ముందు ఏడాది సైన్యాధిపతి అయూబ్ ఖాన్ స్వయంగా వాషింగ్టన్ వెళ్ళి, మా సైన్యం మీకు పనికొస్తుంది, ఆయుధాలివ్వండి అని బేరం మొదలుపెట్టాడు. అమెరికా విదేశాంగ మంత్రి డల్లెస్‌కి కావలసింది సోవియట్ యూనియన్‌కి దక్షిణాన ఒక కంచె. పశ్చిమాసియా చమురుకి కాపలా కావాలి, ఆ కాపలాకి సైనికులు కావాలి. పాకిస్తాన్ సైనికుల మీద డల్లెస్‌కి గొప్ప నమ్మకం. అయూబ్‌కి కావలసింది మాత్రం తనకంటే ఎన్నో రెట్లు పెద్దదైన పొరుగు దేశానికి ఎదురుగా నిలబడే బలం. ఒకరు మాస్కో వైపు చూస్తున్నారు, ఇంకొకరు ఢిల్లీ వైపు. ఇద్దరికీ ఈ సంగతి తెలుసు. తెలిసీ ఇద్దరూ తెలియనట్టు సంతకం చేశారు.

తెలుసు అనడానికి ఆధారం కూడా ఉంది. 1954 ఫిబ్రవరిలోనే అధ్యక్షుడు ఐసెన్‌హోవర్ నెహ్రూకి ఉత్తరం రాశాడు. ఈ ఆయుధాలను దురాక్రమణకి వాడితే అడ్డుకుంటాను, కావాలంటే మీకూ ఇస్తాను అని దాని సారాంశం. నెహ్రూ వద్దన్నాడు. ఆయనకి కోపం తెప్పించింది పాకిస్తాన్‌కి టాంకులు రావడం ఒక్కటే కాదు. స్వాతంత్య్రం వచ్చి పట్టుమని ఏడేళ్ళు కాలేదు, అగ్రరాజ్యాల తగువు మన గడపలోకి వచ్చేసిందన్నదే ఆయన బాధ. నెహ్రూ మీద మనకి ఎన్ని ఫిర్యాదులైనా ఉండొచ్చు, ఈ ఒక్క అంచనా మాత్రం తప్పలేదు.

అదే ఏడాది సెప్టెంబరులో మనీలాలో ఆగ్నేయాసియా కూటమి, సీటో, ఏర్పడింది. పాకిస్తాన్ చేరింది. అమెరికా ఆ పత్రంతో పాటే ఒక మాట చేర్చింది: మా పూచీ కమ్యూనిస్టు దాడులకి మాత్రమే. పాకిస్తాన్‌కి ఆ షరతు నచ్చలేదు, అయినా చేరింది. మర్నాటి ఏడాది బాగ్దాద్ ఒప్పందం. 1958లో ఇరాక్‌లో విప్లవం వచ్చి బాగ్దాదే అందులోంచి వెళ్ళిపోవడంతో, 1959లో దాని పేరు సెంటోగా మారింది. ఊరి పేరుతో పెట్టిన కూటమిలోంచి ఆ ఊరే లేచిపోవడం చరిత్రలో అరుదు. ఈ కూటమిని వెనకుండి నడిపిన అమెరికా తను మాత్రం పూర్తి సభ్యురాలిగా ఎప్పుడూ చేరలేదు.

మరి అమెరికాకి ఏం దక్కింది? పెషావర్ దగ్గర బడాబేర్‌లో సోవియట్ సంకేతాలు వినే రహస్య స్థావరం దక్కింది. 1960 మే 1న గారీ పవర్స్ నడిపిన యూ-2 గూఢచారి విమానం పెషావర్ నుంచే లేచి, సోవియట్ నేల మీద కూలింది. పటంలో పెషావర్ చుట్టూ ఎర్ర గీత గీశామని కృశ్చేవ్ బెదిరించాడు. అంటే, ఏ సోవియట్ దాడి నుంచి కాపాడడానికి ఒప్పందమో, ఆ దాడి భయాన్ని ఒప్పందమే తెచ్చిపెట్టింది. అమెరికన్లకీ ఈ లెక్క పూర్తిగా రుచించలేదు. 1957 జనవరిలో జాతీయ భద్రతా మండలి సమావేశంలో ఐసెన్‌హోవరే, పాకిస్తాన్‌ని ఇలా సైనిక మిత్రుణ్ణి చేసుకోవడం ఘోరమైన పొరపాటు అని వాపోయాడని మెక్‌మాన్ రాస్తాడు. వాపోయాడు గానీ ఆపలేదు. ఇప్పుడు ఆపితే వాళ్ళు నొచ్చుకుంటారు, మిగిలిన మిత్రులు అనుమానిస్తారు. పులి మీద స్వారీ లాంటిదే ఇదీ.

1962లో చైనా మన మీదికి వచ్చినప్పుడు అమెరికా మనకి ఆయుధాలు పంపింది. అయూబ్ మండిపడ్డాడు. 1963 మార్చిలో పాకిస్తాన్ చైనాతో సరిహద్దు ఒప్పందం చేసుకుంది. కమ్యూనిజానికి అడ్డుకట్టగా రెండు కూటముల్లో సభ్యత్వం ఉన్న దేశం కమ్యూనిస్టు చైనాకి దగ్గరైంది; ఏ కూటమిలోనూ లేని దేశం అమెరికా తుపాకులు తీసుకుంది. ఈ గందరగోళం మధ్యలోనే, 1964లో, డయాబ్లో కరాచీ చేరింది.

పరీక్ష 1965లో వచ్చింది. అమెరికా ఇచ్చిన పాటన్ టాంకులు, సేబర్ విమానాలు, ఎవరి మీద వాడబోమని చెప్పారో వాళ్ళ మీదే వచ్చాయి. ఐసెన్‌హోవర్ మాట ఏమైందని ఢిల్లీ అడిగింది. మీ మిత్రులం కదా, ఆదుకోరేం అని రావల్పిండి అడిగింది. అమెరికా ఇద్దరికీ ఆయుధాలు ఆపేసింది. పైకి చూస్తే సమానంగా కొట్టిన దెబ్బే. కానీ పాకిస్తాన్ సైన్యం దాదాపు పూర్తిగా అమెరికా సరుకు మీద ఆధారపడ్డది, మనది అలా కాదు. కాబట్టి దెబ్బ సమానం కాలేదు. సీటో, సెంటోలు కాపాడడానికి రాలేదు. చివరికి సంధి కుదిర్చింది ఎవరయ్యా అంటే, ఏ దేశానికి వ్యతిరేకంగా ఆ కూటములు పుట్టాయో ఆ సోవియట్ యూనియన్. 1966 జనవరి 10న తాష్కెంట్‌లో కొసీగిన్ సమక్షంలో సంతకాలయ్యాయి. ఆ రాత్రే శాస్త్రి అక్కడ కన్నుమూశాడు.

ఇక్కడ ఘాజీ కథలో నాకు ఇష్టమైన మెలిక ఒకటి ఉంది. ఆయుధాల నిషేధం ఉండడంతో జలాంతర్గామి మరమ్మతుకి ఇబ్బంది వచ్చింది. పాకిస్తాన్ దాన్ని టర్కీ పంపింది. టర్కీ సెంటోలో సాటి సభ్యదేశం, అమెరికా జలాంతర్గాములు వాడుతున్న దేశం. 1967 యుద్ధంతో సూయజ్ కాలవ మూతపడింది కాబట్టి ఆఫ్రికా ఖండాన్ని చుట్టి వెళ్ళి రావాల్సి వచ్చింది. పెద్దన్న చేయనన్న పని పక్కింటి తమ్ముడు చేసిపెట్టాడు. కూటమి కాగితం పాకిస్తాన్ తరఫున యుద్ధం చేయలేదు గానీ, కాగితం చుట్టూ అల్లుకున్న పరిచయాలు, విడిభాగాలు, శిక్షణలు మాత్రం పనిచేశాయి. మామూలుగా దౌత్య చరిత్రలు ఈ వర్క్‌షాపు సంగతులు పట్టించుకోవు. పట్టించుకోవాలని నా అభిప్రాయం.

మన వైపు కథ కూడా ఇంతకన్నా పవిత్రమైనదేం కాదు. మనమూ జలాంతర్గాముల కోసం ముందు బ్రిటన్ తలుపు తట్టాం. బేరం కుదరక సోవియట్ వైపు తిరిగాం. 1967 చివర్లో మొదటి సోవియట్ జలాంతర్గామి కల్వరి మన నౌకాదళంలో చేరింది. 1969లో చేరిన కుర్సురా ఇప్పుడు విశాఖ ఆర్.కె. బీచ్‌లో మ్యూజియంగా ఉంది. టికెట్టు కొనుక్కుని లోపలికి వెళ్తే ఆ ఇరుకులో మనుషులు నెలల తరబడి ఎలా బతికారా అనిపిస్తుంది. విశాఖ నౌకాస్థావరం విస్తరణకీ సోవియట్ సాయం అందింది. అయితే సోవియట్లు మనకి పుట్టింటివాళ్ళేం కాదు. 1968లో పాకిస్తాన్‌కి కూడా ఆయుధాలు అమ్మడానికి ఒప్పుకున్నారు. చైనా చేతిలోంచి పాకిస్తాన్‌ని కొంచెం ఇవతలికి లాగాలని వాళ్ళ ఆలోచన. ఢిల్లీలో గగ్గోలు పుట్టింది. మన పాఠ్యపుస్తకాల్లో ఈ ముక్క కనబడదు.

1969 మార్చిలో ఉస్సూరి నది మీద సోవియట్, చైనా సైనికులు కాల్చుకున్నారు. ఆ తరవాతనే మాస్కో భారత్‌తో ఒప్పందం మాట ఎత్తింది. ముసాయిదాలు అటూ ఇటూ తిరిగాయి. ఇందిరా గాంధీ తొందరపడలేదు. పార్టీ చీలిపోయింది, ఎన్నికలున్నాయి, అలీన విధానం వదిలేశారని అంటారు. కాగితం బీరువాలో ఉండిపోయింది. అది బయటికి రావడానికి కారణం 1971 మార్చి 25 రాత్రి ఢాకాలో పాకిస్తాన్ సైన్యం మొదలుపెట్టిన ఊచకోత. కోటి మంది వరకు శరణార్థులు మన సరిహద్దు దాటారు. ఢాకాలో అమెరికా కాన్సల్ జనరల్ ఆర్చర్ బ్లడ్, ఆయన సహచరులు తమ ప్రభుత్వ మౌనాన్ని తప్పుపడుతూ ఏప్రిల్ 6న టెలిగ్రాం పంపారు. వాషింగ్టన్ దాన్ని పక్కన పెట్టింది. బ్లడ్‌ని అక్కణ్ణుంచి బదిలీ చేసింది.

ఎందుకు పక్కన పెట్టిందో జూలైలో లోకానికి తెలిసింది. నిక్సన్ చైనాతో రహస్యంగా రాయబారం నడుపుతున్నాడు, మధ్యవర్తి పాకిస్తాన్ అధ్యక్షుడు యాహ్యా ఖాన్. జూలై 9న కిసింజర్ కడుపునొప్పి అని వంక పెట్టి, నథియాగలీలో విశ్రాంతి తీసుకుంటున్నాడని చెప్పించి, తెల్లవారుజామునే పాకిస్తాన్ విమానంలో పెకింగ్ వెళ్ళాడు. వచ్చిన తరవాత, చైనా కల్పించుకుంటే 1962లోలాగా అమెరికా ఆదుకుంటుందని ఆశ పెట్టుకోవద్దని మన రాయబారి ఎల్.కె. ఝాతో అన్నాడు. బీరువాలో కాగితం అప్పుడు బయటికొచ్చింది. 1971 ఆగస్టు 9న ఢిల్లీలో స్వరణ్ సింగ్, గ్రొమికో సంతకాలు చేశారు.

ఆ ఒప్పందంలో మొత్తం 12 అధికరణాలు. అందరూ మాట్లాడేది తొమ్మిదోదాని గురించి. దాన్ని చదివితే ఆశ్చర్యం వేస్తుంది. ఒకరి మీద ఎవరైనా యుద్ధానికి వస్తే రెండోవారు ఆ వచ్చినవారికి సాయం చేయకూడదు. దాడి జరిగినా, జరిగే ప్రమాదం ఉన్నా ఇద్దరూ వెంటనే సంప్రదించుకోవాలి. అంతే. సైన్యం పంపుతామన్న మాట ఎక్కడా లేదు. ఇంకోపక్క నాలుగో అధికరణం భారత్ అలీన విధానాన్ని గౌరవిస్తున్నట్టు చెప్తుంది. అలీనత పోయిందన్నవాళ్ళదీ, పోలేదన్నవాళ్ళదీ ఇద్దరి వాదనకీ అందులో చోటుంది, రాసినవాళ్ళు గట్టివాళ్ళు.

ఇక్కడ కూడా 1954 నాటి వ్యవహారమే. సంతకం పెట్టేటప్పుడు మాస్కో చూసింది పెకింగ్ వైపు, ఢిల్లీ చూసింది ఇస్లామాబాద్ వైపు. రాఘవన్ దీన్ని చాలా వివరంగా చూపిస్తాడు: ఒప్పందం చేతికొస్తే ఇందిర యుద్ధానికి దిగకుండా పట్టి ఉంచొచ్చని మాస్కో లెక్క. సెప్టెంబరు చివర్లో ఇందిర మాస్కో వెళ్ళేదాకా ‘రాజకీయ పరిష్కారం’ అనే పాటే. ఆ తరవాతే సోవియట్ స్వరం మారింది. అక్టోబరులో వాళ్ళ ఉప విదేశాంగ మంత్రి ఫిర్యూబిన్ తొమ్మిదో అధికరణం కింద సంప్రదింపులకని ఢిల్లీ వచ్చాడు. ఆ ‘సంప్రదింపులు’ అన్న మాటే అసలు ఆయుధమని నాకనిపిస్తుంది. అవి జరిగాయని లోకానికి తెలుస్తుంది, లోపల ఏమనుకున్నారో తెలియదు.

నవంబరు మధ్యలో ఘాజీ కరాచీ వదిలింది. దాని వేట మన ఒకే ఒక్క విమానవాహక నౌక విక్రాంత్ కోసం. విక్రాంత్ విశాఖలో ఉందనిపించేలా తప్పుడు వైర్‌లెస్ కబుర్లు నడిపించామని, ఊళ్ళో భారీగా రేషన్ ఆర్డర్లు పెట్టించామని అప్పటి తూర్పు నౌకాదళాధిపతి వైస్ అడ్మిరల్ ఎన్. కృష్ణన్ తన జ్ఞాపకాల్లో రాశాడు. నిజానికి విక్రాంత్ దూరంగా అండమాన్ వైపు ఉంది. డిసెంబరు 3 అర్ధరాత్రి పేలుడు. రాజ్‌పుత్ వేసిన డెప్త్ చార్జీల వల్లే మునిగిందని మన నౌకాదళం మాట. లోపలి ప్రమాదమనో, తను పరిచిన మైన్‌లకే తను చిక్కిందనో పాకిస్తాన్ మాట. అది ఇప్పటికీ విశాఖ దగ్గరే సముద్రం అడుగున ఉంది.

యుద్ధం మొదలయ్యాక కాగితాల అసలు విలువ బయటపడింది. భద్రతా మండలిలో సోవియట్ మూడుసార్లు వీటో వేసింది. సాధారణ సభలో డిసెంబరు 7న కాల్పుల విరమణ తీర్మానానికి 104 దేశాలు అవునన్నాయి, 11 మాత్రమే కాదన్నాయి. అలీన దేశాల్లో చాలామటుకు మనకి ఎదురుగానే ఓటేశాయి. ఇందులో వాళ్ళని నిందించడానికేం లేదు; సగం దేశాలకి తమ తమ ‘తూర్పు పాకిస్తాన్’ భయాలున్నాయి. వీటోలు ఎంతకాలం వేస్తామని మాస్కో కూడా గొణుగుతూనే ఉంది. త్వరగా ముగించండని చెప్పడానికి కుజ్నెత్సోవ్ ఢిల్లీ వచ్చి కూర్చున్నాడు.

అమెరికా సంగతి ఇంకా చిత్రం. పాకిస్తాన్ తమ ఒప్పంద మిత్రుడని నిక్సన్, కిసింజర్‌లు ఇప్పుడు గుర్తుచేసుకున్నారు. 1962లో కెన్నెడీ ప్రభుత్వం ఇచ్చిన హామీ పత్రాన్ని వెతికి తీశారు. వాళ్ళకి నిజంగా కావలసింది పాకిస్తాన్ కాదు. మిత్రుణ్ణి కాపాడలేని దేశంతో మనకేం పని అని మావో అనుకుంటాడేమోనన్నది వాళ్ళ బెంగ. డిసెంబరు 10న ఎంటర్‌ప్రైజ్ విమానవాహక నౌకతో ఒక దళాన్ని బంగాళాఖాతానికి కదిలించమని నిక్సన్ ఆదేశించాడు. డిసెంబరు 12న ఐక్యరాజ్యసమితిలో చైనా ప్రతినిధి హువాంగ్ హువా నుంచి అత్యవసరంగా కలవాలని కబురొచ్చింది. చైనా సైన్యాన్ని కదిలిస్తోందని వైట్‌హౌస్ అనుకుంది. సోవియట్ ఎదురుదాడికి దిగితే ఏం చేయాలని అణుయుద్ధం అంచులదాకా చర్చ పోయింది. తీరా చూస్తే, కాల్పుల విరమణకి మద్దతిస్తామని చెప్పడానికి వచ్చాడాయన. చైనా కదలనే లేదు.

ఎంటర్‌ప్రైజ్ వచ్చింది, సోవియట్ ఓడలు వెంటపడ్డాయి, ఎవరూ ఎవరినీ కాల్చలేదు. అందుకని ఈ ఘట్టాన్ని ఉత్తుత్తి బెదిరింపుగా కొట్టిపారేస్తారు మనవాళ్ళు. నేను అలా కొట్టిపారేయలేను. డిసెంబరు 10న, ఢాకాలో మేజర్ జనరల్ రావ్ ఫర్మాన్ అలీ, కాల్పులు ఆపి అధికారం అప్పగిస్తామన్న ప్రతిపాదనని ఐక్యరాజ్యసమితి ప్రతినిధి పాల్ మార్క్ హెన్రీ చేతికిచ్చాడు. యాహ్యా దాన్ని రద్దు చేశాడు. ఉత్తరం నుంచి పసుపు మనుషులు, దక్షిణం నుంచి తెల్ల మనుషులు వస్తున్నారని ఢాకాకి కబురు పోయిందని, అప్పుడక్కడున్న పాకిస్తాన్ అధికారులే తరవాత రాశారు. ఎవరూ రాలేదు. డిసెంబరు 16న 93,000 మంది లొంగిపోయారు. ఈ ఆరు రోజుల మధ్యలో, డిసెంబరు 14న, ఢాకాలో ఆచార్యులని, వైద్యులని, పాత్రికేయులని ఇళ్ళలోంచి లాక్కెళ్ళి చంపారు. ఆ జాబితాల వెనక ఉన్నది ఇదే ఫర్మాన్ అలీ అని బంగ్లాదేశ్ ఆరోపణ, ఆయన కాదన్నాడు. పదోతేదీ కాగితం నిలబడి ఉంటే వాళ్ళు బతికేవారా అన్నది రుజువు చేయగలిగిన ప్రశ్న కాదు. కానీ రానున్న మిత్రుల మీద పెట్టుకున్న ఆశ ఖరీదు లెక్కకట్టేటప్పుడు టాంకులూ డాలర్లూ మాత్రమే కూడితే లెక్క తప్పుతుంది.

సీటో 1977లో, సెంటో 1979లో మూతపడ్డాయి. పెద్దగా ఎవరూ గమనించను కూడా లేదు. మన ఒప్పందం ఇరవయ్యేళ్ళకి రాసుకున్నది, 1991 ఆగస్టులో మరో ఇరవయ్యేళ్ళకి పొడిగించారు. అయిదు నెలలు తిరక్కుండానే సంతకం చేసిన రెండో దేశం లేకుండా పోయింది. 1993 జనవరిలో యెల్త్సిన్ ఢిల్లీ వచ్చినప్పుడు రష్యాతో కొత్త ఒప్పందం రాసుకున్నారు. పాత తొమ్మిదో అధికరణం ఆ రూపంలో అందులో లేదు.